పెద్దకోడలి చెయ్యి

ఆదివారం వచ్చిందంటే ఆ ఇంటి పెద్దకోడలు పొయ్యి దగ్గరే ఉంటుంది. పాలు, చక్కెర వేసి కలిపిన పిండిని పలచగా వత్తి, ముక్కలు కోసి, నూనెలో ఎర్రగా వేయిస్తుంది. నూనె చిందినా చెయ్యి వెనక్కి తీసుకోదు. "ఆ చేతి రుచి ఇంకెవరికీ రాదు" అని అత్తగారు వచ్చినవాళ్ళందరికీ చెబుతుంది. ఆ మాట వింటే కోడలి ముఖం విప్పారుతుంది, కాళ్ళు మాత్రం లాగేస్తూనే ఉంటాయి.

మొన్న ఆదివారం చిన్నప్పటి స్నేహితురాలొకామె వచ్చి, "ఎప్పుడు చూసినా ఈ పొగలోనేనా? అలా సముద్రం దాకా వెళ్ళొద్దాం రావే" అని పట్టుబట్టింది. పెద్దకోడలు గరిటె తోడికోడలికి అప్పజెప్పి, చీర మార్చుకుని బయల్దేరింది. గుమ్మంలో చెప్పులు తొడుక్కుంటుంటే లోపల్నుంచి అత్తగారి మాట వినబడింది. "చిన్నదానికీ బాగానే కుదిరాయే. అచ్చం పెద్దది చేసినట్టే ఉన్నాయి." నిశ్చింతగా వెళ్ళడానికి అంతకంటే మంచి మాట ఏముంటుంది? ఆమె మాత్రం చెప్పులు విప్పేసి లోపలికొచ్చి, ఒక ముక్క కొరికి, "పచ్చి పోలేదు. ఇటివ్వు" అని గరిటె అందుకుంది. "బాగానే వేగాయి కదక్కా" అంది తోడికోడలు మెల్లగా. గుమ్మంలోంచి స్నేహితురాలు, "ఏమే, వస్తున్నావా?" అని పిలిచింది.

"నువ్వెళ్ళవే. నేను లేకపోతే ఇక్కడ జరగదు" అంది ఆమె, వెనక్కి తిరగకుండానే.