రాజు దూకిన ఆదివారం

మా నాన్న ట్రాక్టర్ మెకానిక్. అశ్వారావుపేటలో పామాయిల్ మిల్లుకు వెళ్లే రోడ్డు మీద ఆయన షెడ్డు. గెలల లోడుతో వచ్చే ట్రాక్టరు ఏదో ఒకటి రోజూ అక్కడ ఆగాల్సిందే. షెడ్డులో పానాలు పెట్టుకునే బల్ల పక్కన చదరంగం బల్ల ఉండేది. తెల్ల పావులు మా దగ్గర ఎప్పుడూ తెల్లగా లేవు. నాన్న వేళ్ల గ్రీజు పట్టీ పట్టీ నల్లవాటికి దగ్గరి చుట్టాలైపోయాయి. ఒక ఒంటె ఎప్పుడో పోతే దాని స్థానంలో ఒక బోల్టు ఆడేది.

పేపర్లో చదరంగం వార్త కనిపిస్తే చాలు, కత్తిరించి పాత డైరీలో అన్నం మెతుకులతో అంటించేవాడు. గొప్ప ఆటగాళ్ల పేర్లకు ఆయన నోరు తిరిగేది కాదు. అందుకని తనే పేర్లు పెట్టుకున్నాడు. ఒకడు చలిదేశపోడు, ఒకాయన కళ్లద్దాలాయన, ఒకామె జడల పిల్ల. ఎవరు ఏ వయసులో బిరుదు తెచ్చుకున్నారో, ఎవరు ఎవరి చేతిలో ఓడి ఎన్నేళ్లకు మళ్లీ లేచారో ఆయనకు కంఠతా వచ్చు. మా అమ్మ పుట్టింటి వాళ్ల పెళ్లిళ్లు మాత్రం ఒక్కటీ గుర్తుండేది కాదు. "కళ్లద్దాలాయన మళ్ల ఓడిండు బిడ్డా" అంటూ ఇంటికొచ్చిన రోజు అన్నం సరిగ్గా తినేవాడు కాదు.

అమ్మకు ఒళ్లు మండేది. "ఆయన ఓడితే నువ్వెందుకు పస్తుంటవ్? ఆయన నీకేమైతడు?" అనేది.

వాళ్లందరిలోకీ నాన్నకు ప్రాణం మాత్రం మన తెలుగు గడ్డ మీదే పుట్టిన ఒక గ్రాండ్‌మాస్టర్. ఆ బిరుదు ఆయనకు మూడుసార్లు అర పాయింటుతో చేజారింది. ఇక ఈయన పని అయిపోయిందని అందరూ అనుకున్నాక నాలుగోసారి దక్కింది. నాన్న ఆయనకు పెట్టిన పేరు అర పాయింటాయన. గెలిచినవాళ్ల గురించి చెప్పేటప్పుడు నాన్న గొంతు పెరిగేది, ఈయన గురించి చెప్పేటప్పుడు తగ్గేది. మూడుసార్లు ఓడి నాలుగోసారి మళ్లీ బల్ల ముందు కూర్చోవడం అంటే ఏమిటో ఆయనకు ఎక్కడో తగిలి ఉండాలి. నేను ఎప్పుడూ అడగలేదు.

నాన్నకు ఆట నేర్పింది ఒక లారీ డ్రైవర్. ఆయన నేర్పిన ఆటలో మన పాత పద్ధతి ఒకటి ఉంది. చెక్ పడనంతవరకు రాజు ఆట మొత్తంలో ఒక్కసారి గుర్రంలా దూకవచ్చు. షెడ్డుకు వచ్చే ట్రాక్టర్ డ్రైవర్లందరూ అలాగే ఆడేవాళ్లు, నేనూ అలాగే నేర్చుకున్నాను. బీఈడీ చదవడానికి ఖమ్మం వెళ్లినప్పుడు హాస్టల్లో ఒకమ్మాయి నా రాజు దూకుడు చూసి పడీ పడీ నవ్వింది. ఆ అవమానంతో సరైన నియమాలు వారంలో నేర్చుకుని, నెలలో ఆ అమ్మాయిని ఓడించాను. నాకు ఆ మాత్రం పంతం ఉంది.

ఇంటికొచ్చి నాన్నకు చెబితే ఆయన ఒప్పుకోలేదు. "రాజు మాత్రం మనిషి కాదా? పానం మీదికొస్తే ఒక్కసారి దుంకడా?" అన్నాడు. అప్పటికే నేను దమ్మపేటలో ఒక ప్రైవేటు స్కూల్లో చేరాను. రోజంతా పిల్లలతో అరిచి వచ్చేదాన్ని, మళ్లీ ఇంట్లో వాదించే ఓపిక ఎక్కడిది? సరే, మనింట్లో మన రూలు అని వదిలేశాను. అంతేకాదు, ఆయన అలసిపోయి వచ్చిన రోజు కావాలని ఒకటి రెండు తప్పులు చేసేదాన్ని. గెలిచి గిన్నె ముందు కూర్చుంటే ఆయన మరో ముద్ద ఎక్కువ తినేవాడు.

రెండు వేల ఐదో, ఆరో అనుకుంటాను, ఆ అర పాయింటాయన ఖమ్మం వస్తున్నాడని పేపర్లో పడింది. ఒక స్కూల్ హాల్లో పాతికమందితో ఒకేసారి ఆడతాడట. బల్లలు వరసగా వేస్తారు, ఆయన నడుస్తూ ఒక్కో బల్ల దగ్గర ఒక్కో ఎత్తు వేసి ముందుకు పోతాడు. ఎవరైనా పేరు ఇవ్వవచ్చు. నాన్న పేరు నేనే ఇచ్చాను.

"గెలుస్తనని కాదు బిడ్డా" అన్నాడు ఆ సాయంత్రం. "నా బల్ల కాడ ఆయన ఒక్కసారి ఆగాలె. ఆగి ఆలోచించాలె. గంతే. అప్పుడు నాకు ఆట వచ్చినట్టు." ముప్పై ఏళ్లుగా ఆడుతున్న మనిషికి తనకు ఆట వచ్చో రాదో తెలియదన్న సంగతి నాకు ఆ రోజే తెలిసింది.

నెల రోజులు సాధన చేశాం. రాజు దూకకూడదు, ముట్టిన పావునే ఆడాలి అని ఒప్పందం. రెండు వారాలు బాగానే గడిచింది. మూడో వారం ఒక రోజు ఇంజను విప్పి, విసిగిపోయి వచ్చాడు. ఆట మధ్యలో ఆయన రాజు గబుక్కున దూకింది. ఆయన గమనించలేదు, నేను గమనించాను. ఆ ముఖం చూసి ఊరుకున్నాను. ఆ తర్వాత మరో రెండుసార్లు కూడా ఊరుకున్నాను.

వెళ్లాల్సింది ఆదివారం. "ప్రార్థన మానేసి బొమ్మలాటకా?" అని అమ్మ గుమ్మంలో నిలబడి గొణిగింది. అంటూనే నాన్న చర్చికి వేసుకునే తెల్లచొక్కా ఇస్త్రీ చేసి ఇచ్చింది. సత్తుపల్లి మీదుగా బస్సులో ఖమ్మం చేరేదాకా నాన్న గోళ్ల సందుల్లో గ్రీజును పుల్లతో గీరుతూనే ఉన్నాడు.

హాల్లో ఎక్కువమంది కోచింగ్ పిల్లలు, వాళ్ల వెనక తల్లిదండ్రులు. చూసేవాళ్లకు తాడు కట్టారు. నేను ఆ తాడు ఇవతల, నాన్న బల్లకు నాలుగు అడుగుల దూరంలో నిలబడ్డాను. గ్రాండ్‌మాస్టర్ పొట్టిగా, బక్కగా ఉన్నాడు. ఒక్కో బల్ల దగ్గర రెండు క్షణాలకు మించి నిలవడం లేదు. గంట గడిచేసరికి సగం బల్లలు ఖాళీ అయ్యాయి. నాన్న ఇంకా ఆడుతున్నాడు.

అప్పుడు జరిగింది. ఎవరో గ్రాండ్‌మాస్టర్‌కు చాయ్ గ్లాసు అందించారు. గ్లాసు పట్టుకుని నాన్న బల్ల దగ్గరికి వచ్చాడు, బల్ల వైపు చూశాడు, ఆగిపోయాడు. ఒక చెయ్యి గడ్డం కిందికి పోయింది. చివరికి కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. నేను తాడు మీదికి వంగి చూస్తున్నాను. నాన్న మాత్రం రెండు పిడికిళ్లూ చెవులకు ఆనించి, తల బల్లలోకి దించి, ఎదురుగా ఎవరున్నారో కూడా చూడలేదు. గ్రాండ్‌మాస్టర్ తాగని గ్లాసు పక్కన పెట్టి, ఎత్తు వేసి, లేచి వెళ్లాడు.

ఆయన మళ్లీ తిరిగి వచ్చేసరికి నాన్న తన ఎత్తు వేశాడు. రాజును తీసి గుర్రంలా దూకించాడు. అప్పటిదాకా ఆయన రాజుకు ఒక్క చెక్ కూడా పడలేదు. మా ఇంటి లెక్కలో అది న్యాయమే.

పక్క బల్ల పిల్లలు కిసుక్కుమన్నారు. పోటీ చూసుకుంటున్న మాస్టారు వచ్చి, "ఇట్ల దూకకూడదండీ. రాజును ముట్టారు కాబట్టి రాజునే సరైన గడిలోకి ఆడాలి" అన్నాడు. గ్రాండ్‌మాస్టర్ చెయ్యి ఊపి, "పర్వాలేదు, వెనక్కి తీసుకోండి, ఏదైనా ఆడండి" అన్నాడు.

నాన్న లేచి నిలబడ్డాడు. "వద్దు సార్. ముట్టిన గద, రాజునే ఆడుత" అన్నాడు. ఉన్నది ఒక్కటే గడి. అక్కడ పెట్టాడు. మంత్రి పోయింది, ఇంకో నాలుగు ఎత్తుల్లో ఆట పోయింది. తన సంతకం పెట్టిన కాగితం నాన్న చేతికిచ్చి గ్రాండ్‌మాస్టర్ ఏదో అన్నాడు. నాన్న తల ఎత్తలేదు. అది ఆయన చెవిన పడిందనుకోను.

తిరుగు బస్సు తల్లాడ దాటింది. నాన్న, "ఆయన నా కాడ ఆగింది నా తప్పుకు" అన్నాడు.

"కాదు నాయినా, అంతకుముందే ఆగిండు. శానాసేపు ఆగిండు. నేను చూసిన" అన్నాను.

"ఊకో బిడ్డా" అన్నాడు నెమ్మదిగా. "నన్ను నువ్వు గెలిపిచ్చేది నాకు ఎరుకలేదా? ఇంజను సప్పుడుల తేడా వస్తే తెలుస్తది, నీ ఆటల తేడా వస్తే తెల్వదా?"

ఆయన్ని సంతోషపెట్టడానికి ఇన్నేళ్లు అబద్ధపు ఆట ఆడాను. ఇప్పుడు నిజం చెబుతుంటే అది కూడా అలాంటిదే అనుకున్నాడు. ఆ దూకుడును ఆయన చేతిలో ఉంచింది కూడా నేనే. కిటికీ వైపు తిరిగి సత్తుపల్లిదాకా ఏడ్చాను.

మరుసటి వారం నుంచి ఒక్క ఎత్తు కూడా వదల్లేదు. రాజు దూకితే చెయ్యి పట్టుకుని ఆపాను, ముట్టిన పావు ఆడించాను. ఆయన ఓడాడు, కోప్పడ్డాడు, బల్ల మడిచేశాడు, మళ్లీ పరిచాడు. "నీకు జాలి లేదే?" అంది అమ్మ. నెలలు గడిచాయి, నేను జాలి పడలేదు.

ఒక వానాకాలం సాయంత్రం షెడ్డులోనే ఆయన నన్ను ఓడించాడు. తప్పు కోసం ఎంత వెతికినా నా ఆటలో ఒక్కటీ కనిపించలేదు. ముఖం కందగడ్డ చేసుకుని పావులు విసురుగా డబ్బాలో పడేశాను. నాన్న నా ముఖం వైపు కాసేపు చూశాడు. బోల్టును గుడ్డతో తుడుస్తూ, తల ఎత్తకుండానే అడిగాడు.

"ఆ రోజు ఆయన నిజంగనే ఆగిండా?"

"అవ్ నాయినా. కుర్చీ గుంజుకొని కూసున్నడు."

"ఎంతసేపు?"

"చేతిలున్న చాయ్ మీద మీగడ కట్టేదాకా."