పన్నెండు ముళ్ళకొక పూస

మొన్న ఆదివారం మా కూతురి కూతురు బెళ్ళందూరు నుంచి వచ్చి, ఇచ్చిన కాఫీ చల్లారిపోతున్నా పట్టించుకోకుండా, ఫోను నా ముందు పెట్టి తాను కొనబోయే ఫ్లాటు బొమ్మలు ఒక్కొక్కటే జరుపుతూ చూపించింది. పద్నాలుగో అంతస్తు, కింద ఈతకొలను, పైన తోట, ఇంకా కట్టని గోడలకు అప్పుడే రంగులు. అన్నీ చూశాక నేను ఒక్క మాటే అడిగాను, చివరి కంతు కట్టేనాటికి మొత్తం ఎంత కట్టి ఉంటావమ్మా అని. ఆ పిల్ల తడుముకోలేదు. వేలితో ఎక్కడో తాకింది, అంతే, కోసిన పుచ్చకాయలాంటి గుండ్రటి బొమ్మ ఒకటి వచ్చింది. అందులో అసలు ఒక రంగు, వడ్డీ ఒక రంగు, వడ్డీ ముక్కే పెద్దది. "చూడు తాతా, అంతా ఓపెన్‌గా చూపిస్తారు" అంది సంతోషంగా. అలాంటి అంకె ఒకటి నాకు దొరకడానికి ఏడున్నరేళ్ళు పట్టింది, అదీ ఎవరో చూపిస్తే కాదు. నా ఈడువాళ్ళకు చెబితేనే ఆ సంగతి అర్థమవుతుందని ఇది రాస్తున్నాను.

నేను బడికి వెళ్ళింది రెండేళ్ళే. అనంతపురం వైపు నుంచి బెంగుళూరు వచ్చి నగర్తపేటలో లెక్కల పుస్తకాలు కుట్టి అట్టలు వేసే కార్ఖానాలో చేరి, మడతపెట్టే అచ్చుకాగితాలు చూసి తెలుగు, సందులోని అంగళ్ళ బోర్డులు చూసి కన్నడం, పారేసిన పాఠ్యపుస్తకాల పేజీలు ఏరుకుని కూడికలూ తీసివేతలూ నేర్చుకున్నాను. బ్యాంకులకూ మండీలకూ వెళ్ళే లావుపాటి లెడ్జర్లు ముప్పై ఏళ్ళు నా చేతిమీదుగా పోయాయి. కానీ నేను చూసినవన్నీ ఖాళీ పుస్తకాలే. ఆ గీతల మధ్య రేపు ఎవరి బతుకు ఎన్ని అంకెలుగా పడబోతుందో నాకేం తెలుసు?

బెంగుళూరులో కాపురం చేసినవాళ్ళకు భోగ్యం గురించి చెప్పనక్కరలేదు, తక్కినవాళ్ళకోసం చెబుతాను. ఇంటాయనకు ఒకేసారి ఇరవై వేలో ముప్పై వేలో ఇచ్చి, మూడేళ్ళు బాడుగ కట్టకుండా ఉండి, ఖాళీ చేసేనాడు ఆ సొమ్మంతా తిరిగి తీసుకోవడమే భోగ్యం. ఇంటి వాడకమే ఆ సొమ్ముకు వడ్డీ. పెళ్ళయినప్పటి నుంచీ మేము అలాగే బతికాం కనుక ఇంటికి పెట్టిన సొమ్ము ఎక్కడికీ పోదు, పెట్టినంతా పెట్టినట్టే ఉంటుందన్నది మా ఇద్దరి ఒంట్లో ఇంకిపోయిన లెక్క. ఆ లెక్కతోనే మేము అప్పులోకి దిగాం.

దిగింది తొంభై నాలుగులో. అప్పటి ఇంటాయన కొడుకు పెళ్ళని ఖాళీ చేయమన్నాడు, అది మాకు ఆరో ఇల్లు. "ఇంగ మూటలు కట్టేది నాతో కాదయ్యా. గూడంత ఉన్నా సరే, మనదే ఉండల్ల" అని మా ఆవిడ గాజులు తీసి నా ముందు పెట్టింది. గాజుల డబ్బూ భోగ్యం డబ్బూ కలిపి కుందలహళ్ళి అవతల ఇరవై–ముప్పై సైటు, అంటే ఇరవై అడుగులకు ముప్పై అడుగుల ఇళ్ళస్థలం, కొన్నాం. అప్పుడది రాగి చేలూ, సాయంత్రమైతే బస్సు దొరకని దారీ. రెండు గదులు లేపడానికి ఇళ్ళకు అప్పులిచ్చే ఒక ఆఫీసువాళ్ళు లక్షా యాభై వేలు ఇచ్చారు. నూటికి ఏడాదికి పదిహేను వడ్డీ, పదిహేనేళ్ళు, నెలకు రెండు వేల నూట ముప్పై ఎనిమిది. ఆ అంకె నిద్రలో లేపి అడిగినా చెబుతాను. ఇంగ్లీషు కాగితాల మీద ముప్పై చోట్ల సంతకం పెట్టాను. అన్ని కాగితాల్లో ఎక్కడా చివరికి మొత్తం ఎంతవుతుందో ఎవరూ వేలుపెట్టి చూపలేదు, మేమూ అడగలేదు. నెలకెంత అన్నదే అడిగాం. మీరూ అదే అడిగి ఉంటారు.

కంతులో మూడోవంతు మా ఆవిడది. పట్టుచీరల కొంగుకు కుచ్చులు కట్టేది. నేను తెల్లవారి బస్సులో కట్టిన చీరల సంచి తీసుకుపోయి నగర్తపేట అంగట్లో ఇచ్చి, సాయంత్రం కొత్త చీరలు మోసుకొచ్చేవాణ్ణి. నలభై చీరలు కడితే ఆమె వంతు తీరేది. ఆమెకు అక్షరాలు రావు. మొదటి కంతు కట్టి రసీదు తెచ్చిననాడు, మిగిలిన పట్టుదారం ఒకటి పేనుకుని, దానికి ఒక ముడి వేసి, దేవుడి పటం పక్క మేకుకు తగిలించింది. నెలకొక ముడి, పన్నెండు ముళ్ళకొక పూస, కుచ్చులకు పోగా మిగిలే ఎర్రపూసల్లో ఒకటి. పదిహేను పూసలు ముందే ఏరి పసుపుడబ్బాలో దాచింది. పండగ వచ్చినా పబ్బం వచ్చినా, కంతు కట్టిన సాయంత్రం ఆమె ముడి వేసేటప్పుడు ఆమె ముఖం చూడాలి. మేమిద్దరం ఆ దారాన్నే నమ్మాం.

ఆరో పూస పడ్డాక ఆమెకు సూది బెజ్జం కనబడడం తగ్గింది. కంటి ఆసుపత్రికి తీసుకుపోతే, చక్కెర జబ్బు కంటికి పాకింది, వెంటనే వైద్యం మొదలుపెట్టాలి, ఒకసారితో పోదు, సన్నపని మానేయాలి అన్నారు. ఆమె బయటికి వచ్చి మెట్లమీద నిలబడి, "పని మానేస్తే కంతు నువ్వు కడతావా, డాక్టరు కడతాడా?" అంది. అప్పు తీరగానే కళ్ళ సంగతి చూద్దామని ఇద్దరం అనుకున్నాం. ఆమె అంది, నేను ఒప్పుకున్నాను. ఒప్పుకున్నది నేనే.

ఇంతలో కంప్యూటర్లు వచ్చి లెడ్జర్లు అడిగేవాళ్ళు లేకపోయారు. రెండు వేల ఒకటిలో సేటు కార్ఖానా మూసేసి, కళ్ళనీళ్ళు పెట్టుకుని, ముప్పై ఏళ్ళ చాకిరీకి డెబ్బై అయిదు వేలు చేతిలో పెట్టి, గుర్తుగా ఉంచుకోమని నేను కుట్టిన చివరి లెడ్జరు కూడా ఇచ్చాడు. ఉద్యోగం పోయిన మనిషి దిగులుపడాలి కదా. నేను మాత్రం ఆ రోజు గాలిలో తేలుతూ ఇంటికి వచ్చాను. ఎందుకంటే ఆ నెలతో దారానికి తొంభై ముళ్ళు. నూట ఎనభైలో సగం. సగం అప్పు ముళ్ళతో తీరింది, మిగిలిన సగం సరిగ్గా డెబ్బై అయిదు వేలు, అదీ చేతిలో ఉంది. దేవుడు కొలిచి ఇచ్చినట్టు ఉందే అని మా ఆవిడ చెంపలు వేసుకుంది. శుక్రవారం చూసుకుని, ఉతికిన బట్టలు కట్టుకుని, మైసూరుపాకు డబ్బా కొనుక్కుని పోయాం. అటునుంచి అటే కంటి ఆసుపత్రికి పోవాలని చీటీ కూడా సంచిలో పెట్టుకున్నాం.

మేనేజరు కుర్రవాడే, మర్యాద తెలిసినవాడు. నన్ను కన్నడపద్ధతిలో యజమానరే అని పిలిచి, కుర్చీ చూపించి, కంప్యూటరు చూసి, ఇవాళ మూసేయాలంటే లక్షా పదిహేను వేలు, దానిమీద రెండు శాతం రుసుము అన్నాడు. నేను ఇంకెవరి ఖాతానో చూస్తున్నాడనుకున్నాను. మా ఆవిడ సంచిలోంచి దారం తీసి బల్లమీద పరిచింది.

"ఇదో చూడు సామీ, తొంభై. ఒక్క నెల తప్పలేదు."

అతను నవ్వలేదు. దారం చేతిలోకి తీసుకుని పూసలు లెక్కపెట్టి, చివరి ఆరు ముళ్ళూ వేలితో తడిమి చూశాడు.

"లెక్క సరిగానే ఉండాదమ్మా."

"మరి సగమైపోయె గదా?"

"నెలలు సగమైనాయమ్మా. అప్పు సగం కాలేదు."

దారాన్ని జాగ్రత్తగా చుట్టి ఆమె చేతికిచ్చాడు. గోడమీద కొత్త అప్పులకు పదకొండున్నర వడ్డీ అని రంగుల కాగితం అంటించి ఉంది, మాకూ అదే వేయమని నేనడిగితే, "అది కొత్తవాళ్ళకు, యజమానరే" అన్నాడు నొచ్చుకుంటూ. చేతిలో ఉన్నది ఇచ్చేస్తే ఉద్యోగం లేనివాళ్ళు ఏం తింటారు, మా దగ్గరే డిపాజిట్ వేసుకోండి, తొమ్మిది వడ్డీ ఇస్తాం, అది కంతుకు ఆసరా అవుతుందని సలహా చెప్పాడు. నా సొమ్ముకు వాళ్ళు తొమ్మిది, వాళ్ళ సొమ్ముకు నేను పదిహేను. ఆ వేళ అది నాకు తోచలేదు సరికదా, మంచిమాట చెప్పాడని చేతులు జోడించి, డిపాజిట్ కాగితం మీద సంతకం పెట్టి, మైసూరుపాకు డబ్బా ఆయన బల్లమీదే ఉంచి వచ్చాను. బస్సులో మా ఆవిడ ఆసుపత్రి చీటీ తీసి, నాలుగు మడతలు పెట్టి, "కంటి సంగతి మళ్ళా చూద్దాంలే" అంది. 

తర్వాత రోజుల్లో పనిలేక ఇంట్లో ఉన్నాను కదా, సేటు ఇచ్చిన లెడ్జరు తెరిచాను. జీవితంలో మొదటిసారి ఒక లెడ్జరులో అంకెలు రాశాను. పదిహేను రోజులు కొట్టివేసి రాసి, రాసి కొట్టివేసి, నా లెక్క వాళ్ళ లెక్కకు ఎందుకు కలవదో తెలియక తల బద్దలు కొట్టుకున్నాక ఒక సంగతి బయటపడింది. నేను నెలనెలా కడుతున్నా వాళ్ళు అసలు తగ్గించేది ఏడాదికి ఒక్కసారే, మార్చి ఆఖరుకు. ఏప్రిల్లో నేనిచ్చిన రూపాయికి కూడా మార్చిదాకా నేను వడ్డీ కడుతూనే ఉన్నాను. ఆ పదకొండు నెలలూ నా రూపాయి ఎవరింట్లో కూర్చుంది? ఈ మాట అడుగుదామని మళ్ళీ పోతే ఆ కుర్రవాడు బదిలీ అయిపోయాడు, కొత్తాయన తలెత్తకుండా, కాగితాల్లో రాసే ఉంది, మీరు సంతకం పెట్టారు అన్నాడు. ఉంది. పదకొండో పేజీలో, చీమతలకాయంత అక్షరాల్లో ఉంది. ఎవరిమీద అరవను?

ముళ్ళలోకి మార్చి చూసుకున్నాను. మొదటి ఏడాది ఆమె వేసిన పన్నెండు ముళ్ళలో అప్పు తగ్గించింది ఒకటిన్నర ముడి. ఆరోజు బల్లమీద పరిచిన తొంభైలో పదహారు. చివరి ఆరూ ఇంకా లెక్కలోకే రాలేదు. తక్కిన ముళ్ళన్నీ, ఆ చీరలన్నీ, ఆ బస్సు ప్రయాణాలన్నీ వడ్డీ. లెడ్జరు మూసి అటకమీద పెట్టేశాను. పదహారు అన్న మాట ఆమెకు చెప్పలేదు. ఇవాళ్టికీ చెప్పలేదు.

చెప్పి మాత్రం ఏం చేస్తాను? మా ఇంటి ముందర చేలు పోయి అద్దాల ఆఫీసులు లేచాయి. వాటి పక్కన జిరాక్స్ అంగట్లో కాగితాలకు ప్లాస్టిక్ తీగ చుట్టే పనికి కుదిరాను. ఆమె చీరలు ఆగలేదు. ఎనిమిదో పూస, పదో పూస, పదకొండో పూస. రెండు వేల ఏడులో ఒక కన్ను పూర్తిగా పోయింది, రెండో దానిలో నీడలు మిగిలాయి. డాక్టరమ్మ పాత చీటీ మీద తేదీ చూసి, ఇన్నేళ్ళు ఏం చేశారు అని అడిగింది. కంతులు కట్టాం అని ఎలా చెప్పడం? ఆ తర్వాత కుచ్చులు నేనే కట్టాను, పుస్తకాలు కుట్టిన చేతులే కదా. ఆమె పక్కన కూర్చుని వేళ్ళతో తడిమి, "ఇది వదులుగా ఉండాది, విప్పు" అనేది. దారం మీద చివరి ఇరవై ముళ్ళూ నావే, చూస్తే తెలిసిపోతుంది.

రెండు వేల తొమ్మిది మార్చితో పదిహేనో పూస పడింది. లక్షా యాభై వేలకు మూడు లక్షల ఎనభై నాలుగు వేల చిల్లర కట్టాక, ఇంకో నెలన్నర తిప్పించుకుని, మా ఇంటి పత్రాలు ఒక గోధుమరంగు కవరులో పెట్టి ఇచ్చారు. ఇంటికి తెచ్చి ఆమె ఒళ్ళో పెట్టాను. కవరులోంచి తీసి, అంచులు తడిమి, ముద్ర ఉన్నచోట బొటనవేలితో రుద్ది, "ఇంత పలచగా ఉండాదా?" అంది. 

ఇప్పుడు ఇరుగుపొరుగు నన్ను అదృష్టవంతుడంటారు. ఈ సైటు ధర కోట్లలో ఉండాదప్పా, ఆ రోజు అప్పు చేశావు కాబట్టే కదా అంటారు. నిజమే, కాదనను. అమ్మితే కదా కోట్లు, అమ్మి ఎక్కడికి పోతాం? పోనీ, ఆ కోట్లలో కళ్ళ ధర ఎవరు కలిపారు?

మా రోజుల్లో మొత్తం ఎంతో దాచిపెట్టారు, అందుకే మోసపోయామని నేను ఇన్నేళ్ళూ నమ్ముతూ వచ్చాను. తెలిసి ఉంటే వేరేగా చేసేవాళ్ళమని పళ్ళు నూరుకున్నాను. మొన్న ఆ గుండ్రటి బొమ్మ చూశాక ఆ నమ్మకం కూడా కాస్త సడలింది. ఇప్పుడు దాపరికం లేదు, అంకె రంగులేసుకుని ఎదురుగా కూర్చుంటుంది, పిల్లలు దాన్ని చూస్తూనే, "అందరూ ఇంతే కదా తాతా, ఎక్కడో ఒకచోట ఉండాలి కదా" అంటూ సంతకం పెడతారు.  మా ఆవిడ గాజులు తీసిననాడు అన్నదీ ఇలాంటి మాటే.

లోపలి మంచం మీద పడుకుని ఉన్న ఆమె అన్నీ వింటూనే ఉన్నట్టుంది. "ఎన్ని ముళ్ళమ్మీ?" అని కేకేసింది.

మనవరాలికి చిన్నప్పటి నుంచీ ఆ దారం తెలుసు. నవ్వి, "మూడు వందలు అవ్వా. ట్వెంటీ ఫైవ్ ఇయర్స్" అంది.

లోపల ఆమె వేళ్ళమీద లెక్క పెట్టుకుంటోందని నాకు తెలుసు.

"నా దగ్గర పూసలు పదైదే ఉండాయే" అంది.