ఖాళీగా తిరిగిన విసుర్రాయి

ఎవరూ తిప్పకుండా, ఏమీ తినకుండా, ఎప్పటికీ ఆగకుండా తిరిగే యంత్రం అనే మాట వింటే నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. నాందేడ్‌లో మోటార్ల వైండింగ్ దుకాణం నడిపినంత కాలం ఆ మాట వింటూనే ఉన్నాను. భోకర్ వైపు రైతు ఒకాయన ఓసారి మోటారునూ జనరేటరునూ బెల్టు పట్టాతో కలిపి జీపులో వేసుకొచ్చాడు.

"ఒక్కపారి కరెంటియ్యి మిస్త్రీ. ఆటెనుక గిది దాన్ని తిప్పుతది, అది దీన్ని తిప్పుతది. ఇగ బిల్లు లేదు, ఏం లేదు."

ఇచ్చాను. కరెంటు తీయగానే రెండూ కాసేపు మూలిగి ఆగిపోయాయి. "నీ వైండింగ్లనే ఏదో లోపమున్నది" అని నన్నే తిట్టి పోయాడు.

నేను బడిలో కూర్చున్నది తక్కువ. మరాఠీ అక్షరాలు దుకాణాల బోర్డుల మీద నేర్చుకున్నాను, తెలుగు అక్షరాలు నిజామాబాద్ నుంచి సరుకులకు చుట్టి వచ్చే పాత పేపర్ల మీద. మోటారు పని మోటారే నేర్పింది. ఇంత కష్టపడి నేర్చుకున్నవాడికి, ఎవరో వచ్చి ఉత్తపుణ్యానికి అన్నీ నడుస్తాయని చెబితే కోపం రాకుండా ఎలా ఉంటుంది?

అలాంటి నా ఇంట్లోనే ఆ యంత్రం పుట్టింది.

గోకుందలో ఉన్న మా అమ్మాయి కూతురు కాలేజీ కోసం మా దగ్గరే ఉంటుంది. కాలేజీలో ఏటా జరిగే గ్యాదరింగ్‌కు మరాఠీలో ఒక నాటకం రాసింది. ఒక సాయంత్రం దాన్ని తెలుగులో చెప్పుకొచ్చింది. ఎక్కడా లేని ఒక కొండ నగరం. ఆకాశం నుంచి రాలిన నల్లరాతితో చేసిన విసుర్రాయి ఆ నగరం నడిమధ్యన ఉంటుంది. ఒకసారి కదిపితే ఇక ఆగదు. దీపాలు, మగ్గాలు, నీటి చక్రాలు అన్నీ దాని బలంతోనే నడుస్తాయి. జనానికి పని లేదు, పాడుకుంటూ ఉంటారు. పక్క రాజ్యం వాళ్ళు దాన్ని ఎత్తుకుపోవడానికి వస్తారు.

"రాయి కాలదా?" అన్నాను.

"కాలది తాతా."

"అరగదా?"

"మాయరాయి తాతా అది. అరిగితె మాయ ఎట్లయితది?"

"నూనె ఎవడు పోస్తడు?"

"అబ్బ! కథ చెప్తుంటె పంచనామా చేస్తవేంది?"

ఆ పిల్ల నా మెప్పు కోసం వినిపించలేదు. వేదిక మీద ఆ విసుర్రాయి నిజంగా తిరగాలట. వచ్చిన నాటకాలు చాలా ఉన్నాయి, మీ రాయి తిరిగితేనే మీకు చోటు అని సార్ చెప్పాడట. శనివారం ఆయన ముందు తిప్పి చూపించాలి. అది మొదటిసారి రాసిన నాటకం. చోటు దొరక్కపోతే ఆ కాగితాలన్నీ చించి పారేస్తానంది. ఉత్తగా అనే రకం కాదు.

"మాయకు మోటారెందుకే మరి?"

"గందుకే కదా మాయగాని దగ్గరికొచ్చిన" అని గడ్డం పట్టుకుంది.

పాత కూలర్ మోటారు, పాత కుట్టుమిషను చక్రం, పట్టా. థర్మాకోల్ రాళ్ళకు నల్లరంగు వేసింది మనవరాలు. పైరాయి నడుమ గింజలు పోసే కన్ను కూడా చెక్కింది. ముందుగదిలో స్విచ్చి వేస్తే రాయి మెల్లగా, దర్జాగా తిరిగింది. నిజం చెప్పాలంటే చూడ్డానికి బాగానే ఉంది.

అప్పుడే నా భార్య జొన్నల చేటతో వంటింట్లోంచి వచ్చింది. ఆమెది కుండల్‌వాడి పక్కన వ్యవసాయం ఇల్లు. తిరుగుతున్న రాయిని చూసి గడప మీదే ఆగిపోయింది.

"ఏందయ్యా, ఇంట్ల గింజల్లేని ఉత్తరాయి తిప్పుతున్నరు!"

"థర్మాకోల్‌దే అది" అన్నాను.

"దేనిదైతె ఏంది? ఇసుర్రాయి ఇసుర్రాయే" అంటూ పిడికెడు జొన్నలు తీసి ఆ కంట్లో పోసింది.

గింజలు నేరుగా కిందికి జారి పట్టాలో పడ్డాయి. చక్రం బిగుసుకుంది. మోటారు గుర్రుమంది. నేను స్విచ్చి అందుకునేలోపే కాలిన వార్నిష్ వాసన వచ్చింది. ఆ వాసన వచ్చిందంటే లోపలి తీగచుట్టు కాలిపోయినట్టే, ఇక చూడాల్సింది ఏమీ ఉండదని నాకు తెలుసు.

"బుద్ధున్నదా నీకు?" అని అరిచాను.

"ఉన్నది గాబట్టే పోసిన. రాయికి తిండి పెట్టకపోతె రాయిని రాయే తింటదని మా అవ్వ చెప్పేది. ఉత్తరాయి తిప్పితె ఇంట్లకు కరువును పిలిచినట్టే."

మనవరాలు ఏడుస్తూనే అరిచింది. "గిది మామూలు రాయి గాదు అమ్మమ్మా! ఇది ఆగది! ఎన్నటికి ఆగది!"

"ఆగదా?" నా భార్య చేట కింద పెట్టింది. "మరి దాని కాడ ఎవలు కూసుంటరే? పొద్దుమాపు పిడికెడు పిడికెడు ఎవలు పోస్తరు? మీ పాటలు పాడేటోళ్ళా?"

పిల్ల ఏడుపు ఆగింది. కాగితాలు తీసుకుని లోపలికి పోయింది. వేడి గురించి, అరుగుదల గురించి, నూనె గురించి అడిగిన నేను ఆ ప్రశ్న అడగలేదు.

మోటారు విప్పాను. దుకాణం మూసి చాలా ఏళ్ళయినా పాత డబ్బాలో రాగితీగ మిగిలే ఉంది. చూపు ఆనకపోయినా తీగ వేళ్ళకు తెలుస్తుంది, మళ్ళీ చుట్టేశాను. ఈసారి రాయి కంటి కింద ఒక పైపు బిగించాను, గింజలు పట్టా మీద పడకుండా పక్కనున్న పళ్ళెంలో పడేటట్టు. ఎందుకని ఎవరూ అడగలేదు.

నాటకం మారింది. ఆగని రాయి ఖాళీగా తిరగకూడదు. ఇంటికొక పిల్ల వంతులవారీగా దాని పక్కన కూర్చుని గింజలు పోయాలి. గాదెలు ఖాళీ అవుతాయి. చివరికి నగరం వాళ్ళే ఎత్తుకుపొండి అని బతిమాలితే, పక్క రాజ్యం వాళ్ళు దండం పెట్టి వెళ్ళిపోతారు. గింజలు పోసే పిల్లకు మాట ఒక్కటీ లేదు, లేవడానికీ లేదు. స్నేహితురాళ్ళెవరూ ఆ వేషం ఒప్పుకోలేదు. మా పిల్ల తన రాణి వేషం ఒకరికిచ్చి తానే కూర్చుంది. శనివారం సార్ మొత్తం చూసి "చాలేల్" అన్నాడట. మరాఠీలో నడుస్తుందిలే అనడం. ఆ ఒక్క మాటకే ఇంటికి పరుగెత్తుకొచ్చింది.

గ్యాదరింగ్ రోజు మేమిద్దరం వెనక కుర్చీల్లో కూర్చున్నాం. రాణి మాటలు ఎవరు విన్నారో తెలియదు. అందరి కళ్ళూ గింజలు పోసే ఆ చేతి మీదే ఉన్నాయి. ఒకచోట రాణి ఉపన్యాసం సాగింది, మా పిల్ల అది వింటూ ఉండిపోయింది. రాయి ఖాళీగా తిరుగుతోంది. నా భార్య కుర్చీలోంచి సగం లేచింది.

"పొయ్యవే!"

అంతమంది మరాఠీవాళ్ళ మధ్య ఆ తెలుగు కేక హాలంతా వినిపించింది. జనం గొల్లుమన్నారు. మా పిల్ల ఉలిక్కిపడి పిడికెడు పోసింది. అప్పుడు నవ్వు ఆగి చప్పట్లు మొదలయ్యాయి.

ఆ రాయి ఇప్పుడు మా అటక మీద ఉంది. మోటారు మళ్ళీ కూలర్‌లోకి పోయింది. తిరిగే దారే లేని ఆ థర్మాకోల్ రాయి కంట్లో నాలుగు జొన్నగింజలు వేసి ఉంచింది నా భార్య. చీమలు పడతాయే అని నేను అంటూనే ఉన్నాను.