కోర్టు పంపిన చిన్నాయన

మొన్న మంగళవారం చిన్నాయన పోయాడని ఫోన్ వచ్చింది. ఆలూరు బస్టాండులో బస్సు కోసం నిలబడి ఉండగానే గుండె ఆగిపోయిందట. ఆదివారమే నాతో మాట్లాడాడు, పత్తికొండలో టమాటా ధర అడిగాడు. పొయ్యి మీద అన్నం మాడిన వాసన వచ్చేదాకా నేను ఫోన్ పట్టుకునే నిలబడ్డాను.

ఆయన నాకు చుట్టం కాదు. మా ఊరివాడు, ఊరి వరసకు చిన్నాయన, హెడ్ కానిస్టేబుల్. మూడేళ్ల కిందట నేను మగ్గం నేసే ఇంటి అబ్బాయిని పెళ్లి చేసుకుని పత్తికొండలో కాపురం పెట్టాను. ఇద్దరినీ నరుకుతానని మా అన్న కబురు పంపాడు. ఒక లాయరమ్మ సలహాతో హైకోర్టుకు వెళ్లాం. మాకు రక్షణ ఇవ్వాలని కోర్టు పోలీసులను ఆదేశించింది. కాపలాకు వచ్చిన చిన్నాయనను చూసి తలుపు సగం మూసేశాను. మా నాయన పక్కన కూర్చుని ఎన్నోసార్లు అన్నం తిన్న మనిషి. కోర్టు మమ్మల్ని మావాళ్ల చేతికే అప్పగించిందనుకున్నాను.

ఆయనకు అర్థమైంది. "భయపడాకు పాపా. మీ నాయన నాకు తెలుసు. తెలుసు కాబట్టే అడిగి ఈ డ్యూటీ ఏయించుకున్నా" అన్నాడు.

కుర్చీ గడపకు అడ్డంగా వేసుకునేవాడు. మా ఇంట్లో నీళ్లు కూడా ముట్టకుండా సజ్జరొట్టె, చెనిక్కాయల పొడి తెచ్చుకునేవాడు. నేను తలుపేసుకుని కూర్చుంటే ఒప్పుకోడు. భయపడితే పడు గానీ బయట తిరుగుతూ భయపడు అనేవాడు. కూరగాయలకు నన్ను ముందు నడవనిచ్చి, తను నాలుగడుగుల వెనక వచ్చేవాడు.

రెండో నెలలో మా అన్న ఇంకో ఇద్దరితో వచ్చాడు. నేను లోపల గోడకు అతుక్కుపోయాను. చిన్నాయన లేవలేదు. జేబులోంచి కోర్టు కాగితం తీసి చివరిదాకా చదివి వినిపించాడు.

"నువ్వు మనోనివి గదా చిన్నాయనా" అన్నాడు అన్న.

"ఈ గుడ్డలు ఒంటి మీద ఉన్నంతసేపు నేను ఎవురోన్నీ కాదప్పా. నీ చెల్లెలు బాగుండాది. పో."

వాళ్లు వెళ్లిపోయాక కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. ఆ రోజే మా ఇంట్లో మొదటిసారి నీళ్లడిగి తాగాడు.

అన్న మళ్లీ రాలేదు. కొన్ని నెలలకు కాపలా తీసేశారు. అప్పటినుంచీ ఆదివారం ఆదివారం చిన్నాయన ఫోన్ చేసేవాడు. పోయినేడు కూతురి పెళ్లి చేశాడు. మమ్మల్ని మాత్రం ఊరికి రావద్దన్నాడు. పెళ్లి బాగా జరిగింది, శానామంది వచ్చినారు అని చెప్పాడు.

ఆయన్ను చూడడానికి మూడేళ్ల తర్వాత మా ఊళ్లో కాలుపెట్టాను. ఆయన భార్య చిన్నమ్మ నా చెయ్యి పట్టుకుని మెల్లగా చెప్పింది. మా గడపలో కూర్చున్న నాటినుంచీ ఊరు ఆయనను మంచికీ చెడ్డకూ పిలవలేదట. కూతురి పెళ్లికి ఊళ్లోంచి ఒక్కరూ రాలేదట. అన్ని ఆదివారాలు మాట్లాడాడే, ఒక్కసారైనా అనలేదే.

షామియానా కింద ఊరివాళ్ల కోసం చాపలు పరిచి ఉన్నాయి. పోలీసులు నలుగురు ఒక పక్కన నిలబడి ఉన్నారు. చాపల మీద ఎవరూ లేరు. నేనూ నా భర్తా వెళ్లి కూర్చున్నాం.