సంతలో తత్వశాస్త్రం క్లాసు

1968 నవంబరు 13, బుధవారం. పొద్దున్నే మొదటి వింత, తత్వశాస్త్రం గదికి తాళం వేసి ఉండడం. ఆ తాళం ఎప్పుడూ మా మాస్టారే తీసేవారు. మాకంటే ముందు వచ్చి, గుమ్మంలో నిలబడి, మేం నడిచి వచ్చే తీరు చూస్తూ ఉండేవారు. ఇవాళ ఆ మెట్ల మీద ప్యూను కూర్చుని ఉన్నాడు.

"మాస్టారు పోనారు బాబూ. తెల్లారగట్ల నిద్దట్లోనే" అన్నాడు.

మధ్యాహ్నం ప్రిన్సిపాలుగారు పిలిచి, రేపు పది గంటలకు సంతాప సభ ఉందనీ, ఈ లోపల గోడపత్రికకు ఆయన గురించి నాలుగు మంచి మాటలు రాయమనీ చెప్పారు. నేను గుమ్మం దాటుతుంటే ఇంకో మాట కూడా అన్నారు. "ఇక ఆ సంత క్లాసు ఉండదులే. ఆయనతోనే సరి." రాయడానికి కూర్చుంటే ఆ మాట దగ్గరే నా కలం ఆగిపోయింది.

సంత క్లాసు అంటే ఏమిటో ఈ గోడ ముందు నిలబడి చదువుతున్న మీలో చాలామందికి తెలియదు. గురువారం తెల్లవారగానే మాస్టారు తత్వశాస్త్రం చదివే మా నలుగురినీ ఊరి చివర పశువుల సంతకు నడిపించుకు వెళ్లేవారు. అక్కడ ధర నోటితో చెప్పరు. అమ్మేవాడూ కొనేవాడూ చేతులు కలిపి, పైన తువ్వాలు కప్పి, వేళ్లు నొక్కి బేరం చేసుకుంటారు. చుట్టూ ఎంతమంది మూగినా ఆ ధర వాళ్లిద్దరికే తెలుస్తుంది.

మొదటి రోజు మాస్టారు మా చెవిలో అన్నారు: "సేతులు దాసుకున్నారు. పాపం, మొకాలు దాసుకోడం మర్సిపోనారు. సూడండి."

తరగతి గదిలో ఆయన మాట పుస్తకంలా ఉండేది. సంతలో అడుగుపెట్టగానే ఈ ఊరి మాట వచ్చేసేది. ఒక్కొక్కరం ఒక్కొక్క మనిషిని ఎంచుకుని చూసి, తర్వాత టీ కొట్టు బల్ల దగ్గర చెప్పాలి. అప్పుడే నాకు మాటల పిచ్చి పట్టింది. శృంగవరపుకోట నుంచి ఎద్దు కొనడానికి వచ్చిన ఒకాయనను గంటసేపు చూసి, "లోభి, కపట స్వభావుడు" అని గర్వంగా చెప్పాను.

మాస్టారు టీ సాసర్లో పోసుకుని చల్లార్చుకుంటూ నవ్వారు. "ఒరే కవీ, అయి మాటలు. మనిషేడిరా? ఆడు ఏటి సేసేడో సెప్పు."

"ఎద్దు పళ్లు చూశాడండి. అక్కర్లేదని వెళ్లిపోతూ, చుట్ట నోట్లో పెట్టుకుని ఆగాడు."

"సుట్ట ఎలిగించేడా?"

"లేదండి. అగ్గిపెట్టే తియ్యలేదు."

"మరెందుకు ఆగేడు?"

నాకప్పుడు తట్టింది. "ఎద్దు నచ్చిందండి! వెనక్కి పిలుస్తారేమోనని ఆగాడు." లోభి అన్న మాటలో దొరకని మనిషి వెలగని చుట్టలో దొరికాడు. మాస్టారు జేబులోంచి వేయించిన వేరుసెనగలు తీసి నా దోసిట్లో పోశారు. బాగా చూసినవాడికి అదే బహుమతి. పెద్ద మాటలు వాడినవాడికి ఒక్క గింజ కూడా రాలేది కాదు.

తనను తాను కూడా ఆయన వదిలిపెట్టేవారు కాదు. ఒకసారి జామకాయల బేరంలో ఓడిపోయారు. ఎంతో సరదా పడిపోయి, "నా మొకం ఏటి సెప్పేసిందో అడుగుదాం రండి" అని మమ్మల్ని వెంటేసుకుని అదే ముసలామె దగ్గరకు మళ్లీ వెళ్లారు. ఆవిడ నవ్వు ఆపుకోలేక, "మొకం ఎవులు సూసేరు బాబూ? బేరం తెగకండానే సంచీ తెరిసీసినారు" అంది. ఆ వారమంతా ఆయన కనబడ్డవాళ్లందరికీ ఈ సంగతి చెప్పుకుని మురిసిపోయారు.

పోయిన గురువారం ఒక రైతు తన ఎద్దును అమ్మాడు. ఎద్దు మెడలో పలుపు విప్పి భుజాన వేసుకున్నాడు. కొన్నవాడు తాను తెచ్చుకున్న తాడు కట్టి తోలుకుపోయాడు. మా వైపు పశువును అమ్మినా పలుపు ఇవ్వరు. నేను బల్ల దగ్గరకు వచ్చి, "దుఃఖంతో కుమిలిపోతున్న రైతు" అన్నాను. వేరుసెనగలు రాలేదు.

"తాడెందుకు ఉంచుకున్నాడు?"

"అది ఆచారం కదండీ."

"ఆచారం ఊరిదిరా. ఆడిదేటో అడిగి రా."

సిగ్గుపడుతూనే వెళ్లి అడిగాను. "మావా, ఆ తాడింక ఎందుకు?"

ఆయన పలుపును భుజం మీద సర్దుకున్నాడు. "తెల్లారి లెగిసి పసువుల సాలకి ఎల్తాను కదా బాబూ. ఎద్దు లేదని నాకు తెలుసు, సేతికి తెల్దు. తాడైనా తగలాల."

తిరిగి వచ్చి ఆ మాట ఉన్నదున్నట్టు చెప్పాను. మాస్టారు జేబు తిరగేసి, ఉన్న వేరుసెనగలన్నీ పొట్టుతో సహా నా చేతిలో పోసేశారు. ఖాళీ జేబు గుడ్డ బయటికి వేలాడుతుండగానే లేచి నడిచారు. సంతలో నేను ఆయన్ని చివరిసారి చూసింది అలాగే.

ఇవాళ ఈ కాగితం మీద మొదట "మహా తత్వవేత్త" అని రాశాను. కొట్టేశాను. "అది మాట. మనిషేడిరా?" అని వినబడింది. అందుకే ఆయన ఏం చేసేవారో మాత్రమే రాశాను.

సాయంత్రం మేం నలుగురం తాళం వేసిన గది మెట్ల మీద కూర్చున్నాం. "మాస్టారు లేకండా ఎల్లి ఏటి సేస్తాంరా?" అన్నాడు నా పక్క బెంచీ వాడు.

"నువ్వు మీ ఇంటి కాడ ఉండి ఏటి సేస్తావు?" అన్నాను.

"తెల్లారకండా మెలకువ ఎలాగూ వచ్చీస్తాది" అని ఒప్పుకున్నాడు.

కాబట్టి రేపు గురువారం క్లాసు ఉంది. పది గంటలకు సభకు వచ్చేస్తాం. వేరుసెనగలు నేను తెస్తాను. మాతో రావాలనుకున్నవాళ్లు చీకటి విడిచే వేళకు ఆ గది మెట్ల దగ్గరకు రండి, పెద్ద మాటలు మాత్రం ఇంట్లో పెట్టి రండి. టీ కొట్టు బల్ల చివర ఆయన కూర్చునే చోటు వదిలేద్దాం. తొలి బేరానికి తువ్వాలు కప్పేసరికి, ముఖాలు బాగా కనబడే వైపు మనం నిలబడి ఉండాలి.