పాట పోయిన పందెం

కంప్యూటర్లు బాగుచేసే ఆయన్ని ఆ వీధిలో అందరూ ‘శుభ్రం’ అనే పిలిచేవారు. పని అయ్యీ కాకముందే బల్ల తుడిచేసేవాడు, మిగిలిపోయిన ఫైళ్లు చెరిపేసేవాడు. చివరి ముద్ద నోట్లో ఉండగానే కంచం ఎత్తేస్తాడని వాళ్లావిడ ఎగతాళి.

ఆయన అన్నయ్య దర్జీ. చూపు పూర్తిగా పోయి ఆరేళ్లయింది. కుట్టు మానేశాక ఆయనకు మిగిలిన సరదా ఒక్కటే, పాతకాలపు కార్ల పందెం ఆట. కళ్లు లేకుండా కారెలా నడుపుతాడంటే, ఆటలో మోగే పాటను బట్టి. డ్రమ్ము ఆగినచోట ఎడమ మలుపు, వేణువు ఎత్తుకున్నచోట కుడి మలుపు. ఒక్కనాడూ తప్పేవాడు కాదు.

ఆ ఆట ఆడే పాత మిషన్ చెడిపోయింది. డిస్కు అరిగిపోయి ఎప్పుడో చెత్తలోకి పోయింది. దాని నకలు మాత్రం కుదించిన ఫైలుగా శుభ్రం దగ్గరుంది. కొత్త మిషన్ దాన్ని చదవనంటే, విప్పి మామూలు ఫైలుగా మార్చాడు. దుకాణంలో స్పీకర్లు ఎప్పుడూ ఆపేసే ఉంటాయి. తెరమీద కారు పరుగెత్తడం చూశాడు, ఇంకేం, అలవాటుకొద్దీ పాత ఫైలు చెరిపేసి ఆ చోటంతా ఎవరివో ఫొటోలతో నింపేశాడు.

సాయంత్రం కొత్త మిషన్‌ను అన్నయ్య ఇంటికి తెచ్చిస్తే, ఆయన మీటలు పట్టుకుని చెవి రిక్కించాడు. కారు రొద తప్ప ఏమీ లేదు.

“పాటేదిరా?”

శుభ్రానికి అప్పుడు తట్టింది. ఆ డిస్కులో ముందు ఆట, దాని వెనక విడిగా పాటలు. తను ముందు భాగం ఒక్కటే మార్చాడు.

“ఈ మిషన్‌లో పాట రాదన్నయ్యా” అనేశాడు.

అన్నయ్య మీటలు పక్కన పెట్టేశాడు. “సరేలే. కళ్లు పోయినప్పుడు మాత్రం ఏం చేశాం?”

ఆ మాటతో శుభ్రానికి సిగ్గు ముంచుకొచ్చింది. “మిషన్ తప్పేం లేదు. నేనే చెరిపేశాను. ఇక దొరకదు.”

“కళ్లతో చూసి సరిపెట్టుకున్నావన్నమాట.” అన్నయ్య గొంతులో కోపం దాగలేదు. కాసేపటికి మళ్లీ మీటలు తీసుకున్నాడు. “ఇన్నేళ్లూ విన్నావుగా. పాడు.”

శుభ్రం గొంతు సవరించుకుని నోటితోనే డ్రమ్ము ఎత్తుకున్నాడు. మొదటి మలుపులోనే కారు గోడకు గుద్దుకుంది.

“మెల్లగా పాడి ఏడువు! ఎవరైనా తరుముతున్నారా?”

మళ్లీ మొదలుపెట్టారు. మళ్లీ గోడే. చీకటి పడేవేళకు, ఆరోసారో ఏడోసారో, కారు చివరి గీత దాటింది. అన్నయ్య నవ్వలేదు.

“రేపు ఎన్నింటికొస్తావు?” అన్నాడు.