మూడు నెలల మందు

కోవిల్‌పట్టిలో అగ్గిపెట్టెల ఫ్యాక్టరీలో పనిచేసే మా అత్తకు కొలతంటే గిట్టదు. పులుసు వడ్డించినా, నా తలకు నూనె పెట్టినా "ఇంగ రవ్వంత" అనకుండా ఆవిడ చెయ్యి ఆగేది కాదు.

పోయినేడు ఆవిడ కుక్కకు పిడుదులు పట్టాయి. నెలకొకటి చొప్పున మెడ మీద పొయ్యమని డాక్టరు మూడు చిన్న గొట్టాల మందు ఇచ్చాడు. అత్త మూడూ ఒకే పూట పోసేసింది. కాసేపటికే కుక్క చొంగ కారుస్తూ, వణుకుతూ పక్కకు ఒరిగిపోయింది. ఆటోలో వేసుకుని ఆసుపత్రికి పరుగెత్తాం.

ఎంత పోశారని డాక్టరు తమిళంలో అడిగితే అత్త మూడు వేళ్ళు చూపించి, నా వైపు తిరిగి బావురుమంది. "బిడ్డ గీరుకునేది చూడలేక పోస్తినే!"

డాక్టరు సూది వేసి, పాత్రలు తోమే సబ్బుతో మందంతా కడగమన్నాడు. అత్త ఏడుస్తూనే రుద్దింది. సాయంత్రం ఇంకోసారి కడుగుతుంటే కుక్క ఉన్నట్టుండి లేచి నిలబడింది. ఒళ్ళు విదిలించి, డాక్టరు చొక్కాతో సహా అందరినీ తడిపేసింది.

అత్త ఆ నురగలోనే కూలబడి, పకపకా నవ్వుతూ దాని నోటికి చెయ్యి అందించింది. "కరువు కన్నా! తప్పు నాది. ఒక తూరి గట్టిగా కరువు!"

అది ఆవిడ ముఖమంతా నాకేసింది. తిట్టబోయిన డాక్టరు నవ్వాపుకోలేక గోడకు ఆనుకున్నాడు.